వెళ్ళేవాళ్ళకో పొట్లం

మా ఆయన ఇల్లు వదిలి వెళ్ళిపోయాక, వాళ్ళమ్మ మా ఇంటికి వచ్చింది.

ఆమె టికెట్టు ఈస్టర్ అప్పుడే కొన్నాం. జూన్‌లో ఓంద్రా తన బట్టలు రెండు బ్యాగుల్లో సర్దుకుని నది అవతలికి, తన ఆఫీసులో పనిచేసే ఒకామె ఫ్లాట్‌కి వెళ్ళిపోయాడు. అన్నీ మాట్లాడుకున్నాం, అరుచుకున్నాం, ఏడ్చాం. జులైలో వచ్చే ఆ పెద్దావిడ సంగతి మాత్రం ఇద్దరికీ తట్టలేదు. చివరికి అతనే మెసేజ్ పెట్టాడు, అమ్మ నా దగ్గరే ఉంటుందిలే అని. సరే అన్నాను. ఆమె దిగే రోజు ఇల్లు తుడిచాను. మళ్ళీ తుడిచాను. సోఫాని కిటికీ దగ్గరికి జరిపి, బాగాలేదని వెనక్కి లాగాను. అప్పట్లో నా పని అదే. డ్యూటీ లేని రోజు కుదురుగా ఒకచోట కూర్చోలేకపోయేదాన్ని. మెట్ల మీద ఎవరి బూట్ల చప్పుడైనా చెయ్యి ఆగిపోయేది.

సాయంత్రం బెల్ మోగింది. తలుపు తీస్తే ఓంద్రా, చేతిలో పెద్ద సూట్‌కేసు. వెనక మెట్లెక్కి ఆయాసపడుతూ మా అత్తగారు. చంకలో తువ్వాలు చుట్టిన ఒక చెక్కపలక.

"కారులో చెప్పేశాను," అన్నాడు ఓంద్రా, నా భుజం మీదుగా గోడ వైపు చూస్తూ. "అయినా ఇక్కడికే తీసుకెళ్ళమంది."

సూట్‌కేసుని లోపలికి తోశాడు గానీ గడప దాటలేదు. ఆమె కొడుకు చెంప మీద చెయ్యి వేసి, చెక్ భాషలో ఏదో చెప్పి, లోపలికొచ్చి తలుపు వేసేసింది. నన్ను దగ్గరికి తీసుకుంటుందేమో, ఏడుస్తుందేమో, కొడుకు తరఫున రెండు మాటలు చెబుతుందేమో అని బిగుసుకుపోయి నిలబడ్డాను. ఆమె కోటు విప్పి, చేతులు కడుక్కుని, "పిల్ల తిందా?" అని అడిగింది.

మా అత్తగారి పేరు యర్మిల. మొరావియా కొండల్లో ఒక చిన్న ఊరు. పోస్టాఫీసులో పనిచేసి రిటైరైంది. పేరు పెట్టి పిలవమని పెళ్ళప్పుడే చెప్పింది గానీ నాకు నోరు రాలేదు. మా సిరి ఆమెని నానమ్మ అని వాళ్ళ భాషలో 'బాబి' అంటుంది. నేనూ అదే అలవాటు చేసుకున్నాను. ఆమెకి వచ్చిన ఇంగ్లీషు నాలుగు ముక్కలు, నాకు వచ్చిన చెక్ వంటింటి వరకు. మిగతాదంతా సిరి చూసుకునేది. ఆ పిల్లకి అప్పుడు ఏడు నిండుతున్నాయి. తెలుగులో అడిగినా, చెక్‌లో అడిగినా గ్లాస్గో ఇంగ్లీషులోనే జవాబు.

మర్నాడు నేను లేచేసరికి వంటింట్లో ఆ చెక్కపలక పరిచి ఉంది. సూట్‌కేసులోంచి బట్టల కంటే ఎక్కువ సీసాలే బయటికొచ్చాయి. ప్లమ్ పళ్ళని చక్కెర లేకుండా గంటల తరబడి ఉడికించి, నల్లరేగడి మట్టిలా చిక్కబడ్డాక సీసాల్లో పెట్టిన ముద్ద అది. గోరువెచ్చని పాలల్లో ఈస్ట్ నురగ కడుతోంది. ఆమె పెద్ద గిన్నెలో మైదా, వెన్న, గుడ్ల పచ్చసొన, తురిమిన నిమ్మ తొక్క వేసి కలిపి, చెక్క గరిటెతో కొడుతోంది. పిసకడం కాదు, కొట్టడం. గిన్నె అంచు నుంచి పిండి విడివడి మెరిసేదాకా.

"కొలాచె," అంది నన్ను చూసి.

నాకు తెలియనివేం కాదు. అరచేయంత గుండ్రటి మెత్తటి రొట్టె, మధ్యలో వేళ్ళతో నొక్కిన గుంట, ఆ గుంటలో పండు, పైన వెన్నా చక్కెరా మైదా నలిపిన పొడి. మా పెళ్ళికి వాళ్ళ ఊళ్ళో ఆడవాళ్ళంతా కలిసి బుట్టలకొద్దీ చేశారు. మా నాన్న నాలుగు తిని, "ఆంధ్రా పిల్లోల్లు దొరకలేదని ఓంద్రాని తెచ్చుకుంటివి గానీ, తిండికి మటుకు లోటు ల్యా," అన్నాడు. 

పిండి గిన్నె మీద గుడ్డ కప్పి ఎక్కడ పెట్టాలని చేత్తో అడిగింది. గ్లాస్గో జులైకి పిండి పొంగడమంటే కష్టమే. బాయిలర్ ఉన్న అలమార తలుపు తీసి చూపించాను. ఇడ్లీ పిండి నేను అక్కడే పెడతాను. ఆమె నా గిన్నె మూత తీసి వాసన చూసి, తల ఊపి, తన గిన్నెని దాని పక్కన జరిపింది.

నేను గదులు తిరుగుతూ పది నిమిషాలకోసారి ఆ అలమార తీశాను.

"తీయొద్దు," అంది ఆమె కుర్చీలోంచి. "చలి. వదిలెయ్."

"చూస్తున్నానంతే."

"చూస్తే పొంగదు."

ఆమె కిటికీ పక్కన కూర్చుని కాఫీ తాగుతోంది. కొడుకు గురించి ఒక్క మాట లేదు. నాకు ఒళ్ళు మండింది. నా ఇల్లు నిలువునా చీలిపోయి ఉంటే, ఈవిడ వచ్చి తీపి రొట్టెలు చేస్తుందేమిటి?

అలా జులై అంతా కొలాచెలే. స్కూలుకి సెలవులు కాబట్టి సిరి రోజంతా నానమ్మ కొంగు పట్టుకునే ఉండేది. ప్లమ్ ముద్ద అయిపోయింది. రాస్ప్‌బెర్రీలు వచ్చాయి, తర్వాత ఆప్రికాట్లు. పోలిష్ షాపులో తాజా ఈస్ట్ ముక్కలు దొరుకుతాయని కనిపెట్టి ఇద్దరూ బస్సెక్కి వెళ్ళొచ్చేవాళ్ళు. ముగ్గురం ఎన్నని తింటాం? సిరి పళ్ళెం పట్టుకుని మెట్లెక్కి పైవాళ్ళకీ, మెట్లు దిగి కిందవాళ్ళకీ ఇచ్చొచ్చేది. ఎప్పుడూ పలకరించని పై అంతస్తు ముసలాయన ఒకరోజు ఖాళీ పళ్ళెంలో టొమాటోలు పెట్టి పంపాడు.

నేను హాస్పిటల్లో ఎక్స్‌రేలు తీసే రేడియోగ్రాఫర్‌ని. ఆ నెల డ్యూటీ రోటాలో ఎవరు సెలవు కావాలన్నా వాళ్ళ షిఫ్టు నేను తీసుకున్నాను. అక్కడ నిమిషం ఖాళీ ఉండదు. ఊపిరి బిగపట్టండి, కదలకండి, అయిపోయింది, ఊపిరి వదలండి అని రోజంతా మనుషులకి చెప్పడం. తిరిగొచ్చేటప్పుడు రెండు స్టాపులు ముందే దిగి నడిచేదాన్ని. ఎందుకంటే ఇంటికి వెళ్ళేసరికి ఓంద్రా వచ్చి ఉంటాడేమో అన్న ఆశ ఆ నడకలో ఇంకాసేపు మిగిలుండేది. తల్లి ఇక్కడుంది. ఎప్పుడో ఒకరోజు వస్తాడు, ఆమె కూర్చోబెట్టి నాలుగు దులుపుతుంది, అతను బ్యాగులు తెచ్చేసుకుంటాడు. ఆమె వచ్చింది అందుకేనని లోలోపల నాకు నేనే తేల్చుకున్నాను.

తాడిపత్రిలో మా అమ్మకి ఇదేమీ తెలియదు. ప్రతి ఆదివారం వీడియోలో మాట్లాడుతుంది. ఆ ఆదివారం ఫోన్ తీసేసరికి వెనకాల మా అత్తగారు పిండి కొడుతూ కనిపించింది.

"ఊర్మిళ వదినేనా అది?" అంది అమ్మ. యర్మిల అన్న పేరు ఆమె నోట్లో మొదటిరోజే ఊర్మిళ అయిపోయింది. "బాగుండావా వదినా? ఏంమే నీలిమా, వచ్చినామెతో పని చేయిస్తాండావే?"

"ఆమే చేస్తాంది మా. చెప్తే వినదు."

"అల్లుడు యాడ? పోయినవారం గూడా కనపల్యా."

"డ్యూటీ మా. లిఫ్టులు రిపేరుకొస్తే ఆదివారమని చూస్తారా వాళ్ళు."

"ఓంద్రాకి ఒకరోజన్నా సెలవియ్యరా? వాళ్ళమ్మ వచ్చింటే గూడానా?"

"అట్లే ఉంటాది మా ఈడ."

ఫోన్ పెట్టేసి తిరిగేసరికి గరిటె చప్పుడు ఆగిపోయి ఉంది. తెలుగు ఆమెకి రాదు. కానీ ఓంద్రా అన్న పేరూ, డ్యూటీ అన్న మాటా ఏ భాషలోనైనా తెలుస్తాయి.

"మీ అమ్మకి డ్యూటీ అని చెప్పావా?"

"అవును."

నా వైపు చాలాసేపు చూసింది. మళ్ళీ గరిటె అందుకుంది. ఆ రోజు ఆ పిండిని ఎప్పటికంటే గట్టిగా కొట్టింది.

జులై ఆఖర్లో ఇక ఉండబట్టలేక అడిగేశాను. "బాబి, మీరు అతనితో మాట్లాడారా?"

"రేపు వెళ్తాను," అంది.

మర్నాడు వానలో ఒక్కతే బస్సెక్కి నది అవతలికి వెళ్ళింది. చేతిలో గొడుగు తప్ప ఏమీ తీసుకెళ్ళలేదు. మెట్ల మీద పొరుగువాళ్ళకి కూడా పళ్ళేలు పంపే మనిషి కొడుకు దగ్గరికి ఒట్టి చేతులతో వెళ్ళడం నాకు వింతగా అనిపించింది. ఆరోజు నేను కబోర్డులన్నీ ఖాళీ చేసి మళ్ళీ సర్దాను. కిటికీలోంచి బస్ స్టాపు కనిపిస్తుంది. ప్రతి బస్సూ చూశాను.

తడిసి వచ్చింది. బూట్లు విప్పుతుంటే ఎదురుగా నిలబడ్డాను.

"ఎలా ఉన్నాడు?"

"సన్నబడ్డాడు."

"ఆమె?"

"మర్యాదస్తురాలు. టీ ఇచ్చింది."

"ఏమన్నాడు?"

ఆమె మేజోళ్ళు రేడియేటర్ మీద ఆరేసింది. "సిరి పుట్టినరోజుకి వస్తానన్నాడు," అంది.

ఆ మాట నాకు చాలు. ఆ వారం రోజులూ నేను కాలు నిలవకుండా తిరిగాను. బెలూన్లు, రంగు కాగితాలు, బిర్యానీకి సామాన్లు. పెళ్ళైన కొత్తలో కొన్న నీలం కుర్తా బిగుతైతే కుట్లు విప్పి వదులు చేసుకున్నాను. మా అత్తగారు నన్ను చూస్తూనే ఉంది.

పుట్టినరోజు శనివారం పడింది. సిరి స్కూలు స్నేహితులు ముగ్గురు, మా మధులిక, వాళ్ళాయన సుహాస్ వచ్చారు. మధులిక, నేనూ ఇక్కడికి మాస్టర్స్ చదవడానికి ఒకే ఏడు వచ్చాం. వాళ్ళది రాజమండ్రి. ఆమెకి కూడా నేను చెప్పలేదు. ఓంద్రా మధ్యాహ్నం రెండింటికి నీలం స్కూటర్‌కి రిబ్బన్ కట్టి మోసుకొచ్చాడు. బూట్లు విప్పి ఎప్పుడూ పెట్టే చోటే పెట్టాడు. అంతే, ఏమీ జరగనట్టు అయిపోయింది. పిల్లల్ని వీపు మీద ఎక్కించుకుని హాలంతా గుర్రంలా తిరిగాడు. బిగుసుకుపోయిన వంటింటి కిటికీని స్క్రూడ్రైవర్ తెచ్చి బాగుచేశాడు. బిర్యానీ తిని, "నీలూ, కారం తగ్గించావే," అన్నాడు. నేను నవ్వాను. నా నవ్వు నాకే వినిపించి ఆశ్చర్యం వేసింది.

మా అత్తగారు తెల్లవారే లేచి ఐదు ట్రేలు చేసింది. ప్లమ్, రాస్ప్‌బెర్రీ, ఆప్రికాట్, ఇంకా మా డబ్బాలో గసగసాలు చూసి వాటితో కూడా. బయల్దేరే ప్రతివాళ్ళ చేతిలోనూ కొలాచెలు కాగితంలో చుట్టి, దారం కట్టిన పొట్లం ఒకటి పెట్టింది.

"ఇదేంటి ఆంటీ, తిన్నాం కదా," అంది మధులిక.

"ఇట్స్ అ వీస్లుష్క," అంది సిరి పెద్దమనిషిలా. తర్వాత ఇంగ్లీషులో గబగబా చెప్పింది. ఇంటికొచ్చిన వాళ్ళు వెళ్ళేటప్పుడు ఇవ్వాలి. ఒట్టి చేతులతో పంపకూడదు. ఇంట్లోవాళ్ళకి మాత్రం ఉండదు, వాళ్ళెక్కడికీ వెళ్ళరు కదా.

"పేరంటంలో తాంబూలం లాగానన్నమాట," అంది మధులిక, పొట్లం కళ్ళకద్దుకుని.

అందరూ వెళ్ళారు. ఓంద్రా వెళ్ళలేదు. గిన్నెలు నేను కడుగుతుంటే అతను తుడిచి పెట్టాడు. ఏ గిన్నె ఏ అరలోకి వెళ్తుందో అతనికి తెలుసు. సిరి వచ్చి అతని నడుం పట్టుకుని వేలాడింది. బయట ఇంకా వెలుతురుగానే ఉంది.

"నీలూ," అన్నాడు తువ్వాలు మడుస్తూ. "ఇవాళ ఇక్కడే ఉండిపోనా? పిల్ల అడుగుతోంది. దానికి వేరే అర్థం ఏం వద్దు. ఇవాళ్టికి."

వేరే అర్థం వద్దన్నాడు గానీ, ఆ గొంతులో ఏదో మెత్తదనం ఉంది. నేను జూన్ నుంచి ఎదురుచూసింది దానికే. "ఉండు" అనే మాట నా నాలుక చివరిదాకా వచ్చింది.

మా అత్తగారు మా మధ్యకి వచ్చింది. ఆమె చేతిలో పొట్లం ఉంది. మధులికకి ఇచ్చినదాని లాంటిదే, అదే కాగితం, అదే దారం. కొడుకు చేతిలోంచి తువ్వాలు తీసుకుని, ఆ చేతిలో పొట్లం పెట్టింది.

"నా త్సెస్తు," అంది. దారికి, అని.

ఓంద్రా పొట్లం వైపు చూశాడు. తర్వాత తల్లి వైపు. అతని మెడ దగ్గర్నుంచి ఎరుపు మెల్లగా పైకి పాకింది. "మామీ," అన్నాడు. ఆమె అతని చొక్కా కాలర్ సరిచేసింది. అతను వెళ్ళి కూర్చుని బూట్లు వేసుకున్నాడు. లేసులు కట్టడానికి చాలాసేపు పట్టింది. సిరిని ముద్దు పెట్టుకుని, నాకు తల ఊపి, మెట్లు దిగిపోయాడు.

నేను కిటికీ దగ్గరికి పరిగెత్తాను. కింద కారు పైన పొట్లం పెట్టి, రెండు చేతులూ దానికి అటూ ఇటూ ఆనించి నిలబడి ఉన్నాడు. తల ఎత్తలేదు. తర్వాత పొట్లం తీసుకుని కారెక్కాడు.

"వై డిడ్ డాడ్ గెట్ వన్?" అంది సిరి వెనక నుంచి.

దాన్ని పళ్ళు తోముకోమని పంపాను.

సిరిని పడుకోబెట్టి వంటింట్లోకి వచ్చాను. ఆమె పలక మీద అంటుకున్న పిండి గీకుతోంది.

"మీరెవరు అతన్ని పంపెయ్యడానికి?" అన్నాను. ఇంగ్లీషులో మొదలుపెట్టి తెలుగులోకి వచ్చేశాను, ఆమెకి అర్థం కాదని తెలిసి కూడా. "ఇది నా ఇల్లు. ఉంటానన్నాడు. తనంతట తనే అన్నాడు. నేను ఇన్నాళ్ళూ ఎలా ఉన్నానో మీకు కనపడలేదా? మీ రొట్టెలూ మీరూ."

ఆమె చెయ్యి ఆపలేదు. నేను ఆగేదాకా గీకుతూనే ఉంది. తర్వాత చేతులు కడుక్కుని, తన ఫోన్ తీసి, అనువాదం చేసే యాప్ తెరిచి బల్ల మీద పెట్టింది. దాని ముందు వంగి చెక్‌లో మెల్లగా మాట్లాడింది. ఆమె ఒక్కో ముక్క చెప్పి ఆగితే, ఫోన్‌లోంచి ఎవరో ఆడపిల్ల గొంతు, ఏ బరువూ లేని గొంతు, ఇంగ్లీషులో చెప్పింది.

"ఓంద్రా నాన్న చనిపోలేదు. నీకు అలా చెప్పాడేమో నాకు తెలియదు."

నాకు ఓంద్రా చెప్పింది, నాన్న లేడు అని. చనిపోయాడనే అనుకున్నాను. ఎప్పుడూ రెట్టించి అడగలేదు.

"ఓంద్రాకి నాలుగేళ్ళప్పుడు వెళ్ళిపోయాడు. పక్క ఊళ్ళో ఇంకొక ఆమె దగ్గరికి. కానీ ఆదివారాలు వచ్చేవాడు. తినేవాడు. ఓంద్రాతో ఆడేవాడు. సుత్తి తీసుకుని విరిగినవి బాగుచేసేవాడు. ఒక్కోసారి ఉండిపోయేవాడు కూడా. సోమవారం పొద్దున్నే వెళ్ళిపోయేవాడు."

ఆమె ఆగింది. కుళాయి బిగించి మళ్ళీ వచ్చి వంగింది.

"నేను శనివారం అంతా కొలాచెలు చేసేదాన్ని. పోస్టాఫీసులో అడిగితే, మా ఆయన పనిమీద ఊరెళ్ళాడు అని చెప్పేదాన్ని. ఓంద్రా బడి నుంచి రాగానే కిటికీ దగ్గర నిలబడేవాడు. మంగళవారం కూడా. బుధవారం కూడా. నేను అనుకున్నాను, నాన్న ఉన్నట్టే కదా పిల్లవాడికి, ఇది మంచిదే అని. ఓంద్రా బడి చదువు అయిపోయేదాకా నేను అలాగే చేశాను. మనిషి అలా కూడా ఉండొచ్చని వాడు నేర్చుకున్నాడు. నా ఇంట్లోనే నేర్చుకున్నాడు."

ఫోన్ ఆగిపోయింది. ఆమె తనకొచ్చిన ఇంగ్లీషులో, నేరుగా నాతో అంది. "సిరి కిటికీ దగ్గర ఉంటోంది. నువ్వూ ఉంటున్నావు. నేను చూశాను."

నేను కుర్చీ లాక్కుని కూర్చున్నాను. ఆమె నా ఫోన్ తెచ్చి నా ముందు పెట్టింది.

"నీ ఇల్లు. నిజం. కావాలంటే పిలువు. వస్తాడు. నేను ఏమీ అనను. రేపు టిఫిన్ పెడతాను."

ఆమె ముఖంలో ఎత్తిపొడుపు లేదు. నిజంగానే పెడుతుంది. నేను ఫోన్ చేతిలోకి తీసుకున్నాను. అతని పేరు దాకా వెళ్ళాను. ఆమె పలక తుడిచి, గోడకి ఆనించి, తన గదిలోకి వెళ్ళిపోయింది. బయట వెలుతురు పూర్తిగా పోయేదాకా ఫోన్ అలాగే పట్టుకుని కూర్చున్నాను. తర్వాత లేచి, మిగిలిన కొలాచెలకి మూత పెట్టి పడుకున్నాను.

మర్నాడు అమ్మ ఫోన్ చేసింది. ఎప్పట్లాగే అల్లుడు యాడ అని అడిగింది.

"మా, ఓంద్రా ఈడ లేడు," అన్నాను. "జూన్‌లోనే పాయ. వేరే ఆమెతో ఉండాడు."

అమ్మ వెనక ఫ్యాను తిరుగుతున్న చప్పుడు వినిపించింది. మా అత్తగారు వచ్చి నా పక్కన కుర్చీలో కూర్చుంది.

"జూన్ నుంచీ ఒక్కదానివే పెట్టుకోనుండావా లోపల?"

"ఒక్కదాన్నే కాదు మా. ఈమె ఉంది."

"మీ నాయనకి నేను చెప్తాలే. నువ్వేం చెప్పాకు," అంది అమ్మ. తర్వాత, "ఫోను వదినకియ్యి," అంది.

ఇచ్చాను. అమ్మ తెలుగులో మాట్లాడుతూ పోయింది. నా బిడ్డ చిన్నప్పట్నుంచీ అంతే వదినా, కడుపులో ఉన్నది బయటపడనీదు, అన్నం తింటాందా, నిద్రపోతాందా, నువ్వుండావని ధైర్యం, అంటూ. మా అత్తగారు మధ్యమధ్యలో చెక్‌లో పొడుగ్గా జవాబు చెప్పింది. ఒక్క ముక్క కూడా ఒకరిది ఒకరికి తెలియదు. నేను అనువాదం చెయ్యబోతే ఇద్దరూ చెయ్యి అడ్డం పెట్టారు. చివరికి ఇద్దరూ కళ్ళు తుడుచుకున్నారు.

ఓంద్రా తర్వాత ఉండడానికి తిరిగి రాలేదు. ఆ మాటెత్తనూ లేదు. ఆ వారం నుంచీ శనివారాలు వచ్చి కింద బెల్ కొడితే సిరి దిగి వెళ్ళేది. సాయంత్రం మళ్ళీ కిందే వదిలిపెట్టేవాడు. రానున్న శనివారం ఎన్నింటికి వస్తాడో సిరికి ముందే తెలుసు కాబట్టి మిగతా రోజులు స్కూటర్ మీద వీధంతా తిరిగేది. నాకు మాత్రం వెంటనే ఏమీ కుదుటపడలేదు. ఇంకా షిఫ్టులు ఎక్కువే చేశాను, ఇంకా దూరాలు నడిచాను. కాకపోతే ఇంటికి రెండు స్టాపులు ముందు దిగడం మానేశాను. మధులికకి కూడా చెప్పాను. ఆమె నన్ను తిట్టి, ఆ తర్వాత నాతోపాటు ఏడ్చింది.

ఆగస్టు మధ్యలో, స్కూళ్ళు తెరవడానికి రెండ్రోజుల ముందు, మా అత్తగారిని ఎయిర్‌పోర్టు బస్సెక్కించడానికి బుకానన్ బస్ స్టేషన్‌కి వెళ్ళాం. ఓంద్రా కారులో దిగబెడతానన్నాడు. అక్కర్లేదంది. సూట్‌కేసు తేలిగ్గా ఉంది.

క్యూలో నిలబడ్డాక అడిగింది. "అక్టోబరు సెలవుల్లో సిరిని మా ఊరు పంపిస్తావా?"

అప్పటిదాకా సిరిని ఒంటరిగా ఎక్కడికీ పంపకూడదని నేను గట్టిగా అనుకున్నాను. అక్కడికి వాళ్ళ నాన్న వస్తే, తనతో ఉండే ఆమెని తీసుకొస్తే, ఊరంతా చూస్తే, అని రకరకాల భయాలు.

"నేనూ వస్తాను," అన్నాను.

ఆమె నా వైపు తిరిగింది. "ఓంద్రా కూడా అక్టోబరులో వస్తానన్నాడు. ఒక్కడే. పైకప్పు పని ఉంది."

క్యూ ముందుకి జరిగింది. డ్రైవర్ వచ్చి సూట్‌కేసు అందుకుని బస్సు పొట్టలోకి తోశాడు.

"రానివ్వండి," అన్నాను. "మరి మేమెక్కడ పడుకోవాలి?"

"ఓంద్రా గది ఉందిగా. పెద్ద మంచం. నువ్వూ సిరీ అందులో."

"ఓంద్రా?"

"సోఫా," అంది టికెట్టు వెతుక్కుంటూ.

సిరి లెక్కలేసుకుంది. బాబి ఇంట్లో సోఫా ఆ పిల్లకి బాగా తెలుసు. "బట్ డాడ్స్ ఫీట్ విల్ హ్యాంగ్ ఆఫ్ ది ఎండ్," అంది.

మా అత్తగారు బస్సు మెట్టు మీద ఆగి వెనక్కి తిరిగింది. కాసేపు నిజంగానే ఆలోచించింది.

"కుర్చీ వేసుకుంటాడులే," అని లోపలికి వెళ్ళిపోయింది.